11,400 రూపాయల్లో దెయ్యం సినిమా: కథను తెర మీదికి తెచ్చేదెట్ల

మాది కడప జిల్లా, జమ్మలమడుగు దగ్గర పల్లె. ఇప్పటిదాకా 3 షార్ట్ ఫిల్ములు తీసినాం, మూడూ దెయ్యం కథలే. మొదటి రెండూ చూసి జనాలు నవ్వినారు, మూడోది చూసి మా చిన్నాయన కొడుకు ఆ రాత్రి మిద్దె మీద ఒక్కడే పడుకోలేక చాప చుట్టుకోని కిందికి దిగొచ్చినాడు. మూడింటికీ అదే ఫోను, అదే మనుషులు, ఖర్చు కూడా అటూఇటూగా అంతే. తేడా అంతా కథలో ఏం ఉంచుకున్నాం, ఏం పారేసినాం అన్న దాంట్లోనే వచ్చింది. శానామంది అడుగుతున్నారు గదా ఎట్ల తీసినారని, అందుకే మాకు తెలిసిన కాడికి రాస్తాన్నా.

కథ ఎంచుకునేటప్పుడు అందరం ఒకటే తప్పు చేస్తాం, చదివినప్పుడు ఏది బాగ భయమేసిందో దాన్నే పట్టుకుంటాం. పుస్తకంలో భయం శానాసార్లు రాసినాయన మాటల్లోనే ఉంటాది, ఆ మాటలు తీసేసి చూస్తే మిగిలేది ఒక మనిషి చీకట్లో నిలబడి బిక్కమొగం వేసుకోని చూసేదే. దానికి నేను చేసే పరీక్ష ఒకటుంది. పుస్తకం మూసేసి కథను ఎవరికైనా నోటితో చెప్పండి, 5 నిమిషాల్లో. మా అమ్మ సాయంత్రం పూట చెనిక్కాయలు వొలుస్తా ఉంటాది, ఒళ్ళో చేట, పక్కన గిన్నె, నేను పోయి ఆమె పక్కన కూర్చోని చెప్తా. ఊ కొడతానే ఉంటాది, టప్ టప్ మని కాయలు వొలుస్తానే ఉంటాది, మధ్యలో స్టవ్ ఆపినావా అంటాది. ఆ టప్ టప్ యాడ ఆగిపోతే అదే మీ సినిమా, మిగతాదంతా దాని దగ్గరికి పోయే దారి అంతే.

మూడో సినిమా కథ మా స్నేహితుడు రాసింది, నోటుబుక్కులో 14 పేజీలు. బెంగళూరులో ఉద్యోగం చేసేవాడు, జేజి (అవ్వ) పోయినాక ఊర్లో పాత మట్టి మిద్దె అమ్మేద్దామని వస్తాడు, రాత్రయితే ఇసుర్రాయి తిరిగే సప్పుడు వినిపిస్తా ఉంటాది. ఇందులో వాడి ప్రేమకథ ఉంది, బ్రోకరు మోసం ఉంది, దాయాదుల గట్టు తగాదా ఉంది, అవన్నీ చెప్పినంత సేపూ అమ్మ చేతులు ఆగలే. "పొద్దున లేచి చూస్తే రాయి చుట్టూ కొత్త పిండి పడుంది" అన్న కాడ ఆగినాయి. ఇంక ప్రేమకథ, బ్రోకరు, తగాదా మూడూ కొట్టేసినాం, రాసినోడు రెండు రోజులు మాతో మాట్లాడలే.

అది తేలినాక లెక్క చూసుకోండి, ఎన్ని చోట్లు, ఎంతమంది, ఎన్ని రాత్రులు. ఒక ఇల్లు, ముగ్గురు మనుషులు, 3 రాత్రులు దాటిందంటే మన డబ్బుకి అందదు. అయినా దెయ్యం సినిమాకి ఒకే ఇల్లు ఉండడం లోటు కాదు సామీ. పారానార్మల్ యాక్టివిటీ అని ఇంగ్లీషు సినిమా ఉంది గదా, 2007లో మొదటిసారి జనానికి చూపించినారు, దాదాపు 15 వేల డాలర్లతో డైరెక్టరు తన సొంతింట్లోనే తీసినాడు, ఎక్కువ సేపు తెర మీద ఇద్దరే ఉంటారు. ఆ ఇంట్లో మంచం యాడుంది తలుపు యాడుంది అని మనకి బాగ అలవాటైపోతాది, అలవాటైన తలుపు కాబట్టే అది జానెడు కదిలినా గుండె జల్లుమంటాది. 10 చోట్ల తిప్పితే ఏ తలుపూ గుర్తుండదు.

హక్కుల సంగతి కూడా ఇప్పుడే చూసుకోవాల, సినిమా అయినాక కాదు. మా మొదటి సినిమా వాట్సాప్‌లో తిరిగే కథతో తీసినాం, కింద ఎవరి పేరూ లేదు గదా ఎవరిదైనా ఏముందిలే అనుకున్నాం. నెట్‌లో పెట్టిన 9 రోజులకి రాసినాయనే ఫోన్ చేసినాడు, కోప్పడలే, మర్యాదగానే తీసేయమన్నాడు, తీసేసినాం, నెలన్నర పని గంగలో కలిసింది. మన కాపీరైట్ చట్టం 1957 నాటిది, దాని ప్రకారం రచయిత బతికున్నంత కాలం, పోయినాక మరుసటి సంవత్సరం జనవరి నుంచి ఇంకో 60 ఏళ్ళు హక్కు వాళ్ళదే. ఎడ్గార్ అలన్ పో 1849లో పోయినాడు, ఎం.ఆర్. జేమ్స్ అని దెయ్యం కథలు రాసినాయన 1936లో పోయినాడు, వీళ్ళ కథలు ఇక్కడ ఎవరైనా తీసుకోవచ్చు. కాకపోతే ఆ కథకి ఈమధ్య ఎవరైనా చేసిన తెలుగు అనువాదం ముందర పెట్టుకోని స్క్రిప్టు రాస్తే ఆ అనువాదం హక్కు వేరే ఉంటాది, కాబట్టి మూలం చదివి మీ మాటల్లో రాసుకోండి. బతికున్న రచయిత అయితే పోయి అడగండి, చిన్న సినిమా అంటే కొంతమంది డబ్బులు కూడా అడగరు, కానీ కాగితం మీద రాసుకోని సంతకం పెట్టించుకోవాల. ఎన్నేళ్ళకి, యాడ చూపించుకోవచ్చు, డబ్బులొస్తే ఎవరికెంత అన్నీ అందులో ఉండాల, ఎందుకంటే హక్కు రాసిచ్చేటప్పుడు ఎన్నేళ్ళని రాయకపోతే చట్టం 5 ఏళ్ళే అనుకుంటాది, యాడని రాయకపోతే ఇండియా వరకే అనుకుంటాది. జేజమ్మలు చెప్పే కథలకి ఈ తంటా ఏం లేదు, ఊర్లో ముసలోళ్ళ దగ్గర కూర్చుంటే ఒక పూటలో నాలుగు దొరుకుతాయి.

ఇప్పుడు అసలు పని. కథను జిరాక్స్ తీయించి 3 పెన్నులు తీసుకోండి. కంటికి కనపడే వాక్యం కింద నీలం గీత, చెవికి వినపడేదాని కింద పచ్చ, మనిషి తలకాయ లోపల జరిగేదాని కింద ఎరుపు. మా 14 పేజీల్లో 9 పేజీలు ఎర్రగా తేలినాయి. నీలం, పచ్చ ఎట్లున్నవి అట్ల స్క్రిప్టులోకి పోతాయి, ఎరుపుతోనే చిక్కంతా. ఎనక నుంచి గొంతు పెట్టి చెప్పించేద్దాం అనిపిస్తాది, రెండో సినిమాలో మేం అదే చేసినాం, 20 నిమిషాలు ఒకడు నా ఒళ్ళు గగుర్పొడిచింది నా ఒళ్ళు గగుర్పొడిచింది అని చెప్తానే ఉన్నాడు, చూసేవాళ్ళు బొరుగులు తింటా కూర్చున్నారు. ఎర్ర వాక్యాన్ని కొట్టెయ్యాల, లేదంటే ఒక వస్తువులోకి దించాల.

దించేది ఎట్లంటే, మా కథలో ఒక వాక్యం ఉండింది, జేజి పోయి మూడు నెలలైనా ఇంట్లోనే తిరుగుతున్నట్టు వాడికి అనిపించేదని. దీన్ని ఎట్ల చూపించాల? దండేసిన ఫోటో పెడదాం, గాలికి ఊగుతుంది అన్నాడు మావోడొకడు, అది చూసీ చూసీ మనకే విసుగు. మా జేజి ట్రంకుపెట్టె వెతికితే వక్కాకు తిత్తి దొరికింది, లోపల సున్నం డబ్బీ కూడా ఉంది. మొదటి రాత్రి వాడు కొక్కానికి ఉన్న తిత్తి తీసి విప్పుతాడు, లోపల ఆకు ఎండిపోయి చేతిలో పొడైపోతాది, మళ్ళీ ముడేసి తగిలిస్తాడు. రెండో పొద్దున తిత్తి అదే కొక్కానికి ఉంటాది, వాడు దాని పక్కకి చూడను కూడా చూడడు, పళ్ళు తోముకుంటా అటూఇటూ తిరుగుతా ఉంటాడు, తిత్తి ఎనకాల కనపడతా ఉంటాది అంతే, కానీ ముడి వేరే రకం ముడి. శానామందికి ఇది కనపడలే, కనపడినోళ్ళు మాత్రం పక్కోణ్ణి గిల్లినారు. మూడో పొద్దున విప్పితే లోపల పచ్చి ఆకు, మీద సున్నం రాసి ఉంటాది. ఈ మూడు సీన్లకి అయిన ఖర్చు ఆకులకి 10 రూపాయలు.

ముగింపు కూడా మార్చినాం. కథలో చివరి పేజీ అంతా జేజి రూపమే, తెల్ల జుట్టు, గుంటలు పడిన కండ్లు, అట్ల. చదివితే బాగుంటాది, మనం తీస్తే కళ్ళజోడు తీసేసిన మా పక్కింటి పెద్దమ్మ మాదిరి ఉంటాది. సరే మొగం వద్దులే చెయ్యి మాత్రం చూపిద్దామని ఒకాయన చేతికి పౌడరు పూసి రాయి పిడి మీద పెట్టించి తీసినాం. ఇంట్లో నలుగురికి చూపిస్తే ఆ చెయ్యి రాంగానే మా చిన్నమ్మ "ఏందిరా అబ్బీ, ఆ చెయ్యి చీపాడు పుల్లయ్యది మాదిరుంది" అని పేరు పెట్టేసింది, ఇంక ఆ చెయ్యి కనపడినప్పుడల్లా నవ్వే. తీసేసినాం. ఇప్పుడు సినిమాలో జేజి యాడా కనపడదు. మూడో రాత్రి సప్పుడు మొదలైతే వాడు లేచి, భయపడతానే, దోసెడు జొన్నలు తీసుకోని పోయి రాయి పక్కన పోసి వచ్చి తలుపేసుకుంటాడు. పొద్దున జొన్నలుండవు, పిండి ఉంటాది. అంతే సినిమా.

మాటలు మన యాసలోనే రాసుకోండి. అర్ధరాత్రి తలుపు తట్టినోణ్ణి మన పక్క ఎవరైనా "ఎవరది" అంటారా, "ఎవురప్పా, ఈ యాళప్పుడు" అంటారు గదా, ఆ యాళప్పుడు అనే మాటలోనే సగం భయం ఉంది.

చోటు విషయానికొస్తే, ఈ పక్క ఎవరు కెమెరా పట్టుకున్నా ముందు గండికోట అంటారు. అది కేంద్ర పురావస్తు శాఖ కింద ఉండే కట్టడం, షూటింగ్ అంటే ముందే అనుమతి, ఫీజు, అంతా ఉంటాది, సిద్ధవటం కోట కూడా అంతే, లంకమల అడవి అయితే అటవీ శాఖ వాళ్ళని అడగాల. అదంతా పక్కన పెట్టినా కింద పెన్న పారతాంటే, పొద్దు మునుగుతాంటే, అంత అందం చూసి ఎవరు భయపడతారు చెప్పండి. అంతకంటే మన ఊరి బయట నాపరాళ్ళ కంచె మేలు. పగలు చూస్తే ఏముండదు, నిలబెట్టిన బండలు వరసగా. రాత్రి బైకు హెడ్‌లైట్ ఏటవాలుగా పడేట్టు మెల్లగా పోనిచ్చి చూడండి, ఒక్కో బండ నీడ లేచి ఎనక్కి నడిచిపోతాది, సమాధులు కదిలినట్టే ఉంటాది, పెట్రోలు తప్ప ఖర్చు లేదు.

ఇంక పాత మట్టి మిద్దె దొరికితే వదలద్దు. పైకప్పులో వెలుగు కోసం గవాచి ఉంటాది గదా, మా సినిమాలో సగం లైటింగ్ అదే. మిద్దె మీద ఒకణ్ణి కూర్చోబెట్టి, పెద్ద టార్చికి తెల్ల పంచె గుడ్డ అడ్డం కట్టి గవాచిలోంచి కిందికి వేయించినాం, రాయి మీద గుండ్రంగా పడతాది, చుట్టూ అంతా చీకటి. ఒకటే జాగ్రత్త, పాత ఇల్లు అంటే తేళ్ళుంటాయి, పగలే మూలలన్నీ కట్టెతో తట్టి చూసుకోండి, మనుషులు ఎక్కేముందు మిద్దె దూలాలు కూడా.

ఫోనుకి నిజంగా చీకటి చూపిస్తే అది ఐఎస్ఓ (వెలుగుని ఎంత పట్టుకోవాలనే సెట్టింగు) పెంచుకుంటా పోయి తెరంతా ఇసుక చల్లినట్టు చేస్తాది. కాబట్టి లైటు గట్టిదే పెట్టండి, కానీ ఒక్క పక్క నుంచే, రెండో పక్క నల్ల దుప్పటి కట్టండి గోడ వెలుగు తిరిగి మొగం మీద పడకుండా, ఐఎస్ఓ తక్కువలో లాక్ చెయ్యండి. సెకనుకి ఫ్రేములు 25, షటర్ సెకనులో 50వ వంతు పెట్టుకోండి, మన కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి ట్యూబులైటు కింద గీతలు గీతలుగా పాకకుండా ఉంటాది. ఇవన్నీ చేతితో మార్చుకోనీకి బ్లాక్‌మ్యాజిక్ కెమెరా యాప్ ఉంది, ఉచితమే. బయట రాత్రి సీన్లు నిజం రాత్రిలో తీయద్దు, పొద్దు మునిగినాక 20 నిమిషాలు ఆకాశం నీలంగా ఉంటాది చూడండి, అప్పుడు వైట్ బ్యాలెన్స్ (బొమ్మ రంగు నీలంగానో పసుపుగానో మార్చే సెట్టింగు) 3200 దగ్గర ఆపి తీస్తే అచ్చం రాత్రి మాదిరి వస్తాది, ఇంట్లో పాత పసుపు బల్బు వెలుగుతా ఉంటే ఇంకా బాగుంటాది. కాకపోతే ఆ 20 నిమిషాల్లో ఒకటో రెండో షాట్లు, అంతకు మించి ఆశపడితే రెండూ పోతాయి. మధ్యాహ్నమే అంతా నిలబడి రిహార్సల్ చేసుకోండి.

రక్తం మా సినిమాలో లేదు, రెండోదాంట్లో ఉండింది. చక్కెర పాకం చిక్కగా కాచి, ఎర్ర ఫుడ్ కలరు, చిటికెడు కాఫీ పొడి, కొంచెం మొక్కజొన్న పిండి కలిపితే చాలు, కాఫీ పొడి లేకపోతే గులాబీ షర్బత్ మాదిరుంటాది. బట్టల మీద మరక పోదు, చీమలు పడతాయి. పొగకి సాంబ్రాణి వేసుకోండి, కిటికీలు తీసి పెట్టి, పొగ ఎనక నుంచి లైటు పడితేనే కనపడతాది, ముందు నుంచి వేస్తే దగ్గు తప్ప ఏం రాదు.

నటించే వాళ్ళకి భయపడు అని చెప్పద్దు. భయపడమంటే మనోళ్ళు కండ్లు పెద్దవి చేసి నోరు తెరుస్తారు. చేతికి పని ఇవ్వండి. లాంతరు గ్లాసు తుడుస్తా ఉండు, సప్పుడు వినపడితే తుడిచేది ఆపు, మళ్ళీ తుడువు అని చెప్పినాం, అంతే, మా వాడు జన్మలో నటించలే, బాగ చేసినాడు. ఇంకో మాట, దెయ్యం అంటే పిచ్చి పట్టిన ఆడమనిషి అనే లెక్క మానేయండి, ఊర్లో నిజంగా జబ్బుతో ఉండేవాళ్ళని గాలి సోకిందని కట్టేసేది మనం చూస్తానే ఉన్నాం, దానికి మన సినిమా సాయం పోవద్దు.

డబ్బు ఒక్కదాని మీదే పెట్టగలిగితే సప్పుడు మీద పెట్టండి. బొమ్మ కొంచెం మసకగా ఉన్నా దెయ్యం సినిమాలో ఓర్చుకుంటారు, మాట గుహలోంచి వచ్చినట్టుంటే లేచిపోతారు. కాలరు మైకు 850కి కొన్నాం, రెండో ఫోనుకి పెట్టి రికార్డు చేసి, షాటు మొదట్లో ఒక చప్పట కొట్టించి తర్వాత కలుపుకున్నాం. ప్రతి గదిలో ఫ్యాను, ఫ్రిజ్ ఆపి అందరూ గమ్మునుండి 1 నిమిషం ఉత్త గదినే రికార్డు చేసుకోండి, ఎడిటింగ్‌లో అతుకులు కనపడకుండా కింద పరిచేది ఇదే. బయట రాత్రికి కీచురాళ్ళ సప్పుడు పరిచి, దెయ్యం వచ్చే కాడ దాన్ని టక్కుమని ఆపేయండి. ఊర్లో పుట్టినోళ్ళకి తెలుసు, కీచురాయి ఆగిందంటే అక్కడ ఎవరో ఉన్నారని.

ఎండు జొన్న సొప్ప మైకు దగ్గర విరిస్తే ఎముక విరిగినట్టే ఉంటాది. తడి గోనెసంచి నాపరాయి మీద ఈడిస్తే ఎవరో పాకుతున్నట్టు. మ్యూజిక్ కొనలేదు, మా తోటలో బోరు మోటారు సప్పుడు రికార్డు చేసి ఆడాసిటీ అనే సప్పుడు ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్‌లో స్పీడు నాలుగో వంతుకి తగ్గిస్తే శ్రుతి రెండు స్థాయిలు కిందికి పోయి కడుపులో తిప్పినట్టు ఒక హోరు వచ్చింది. అది ఇయర్‌ఫోన్లో అదిరింది, ఫోను స్పీకర్లో వింటే ఏమీ లేదు, ఎందుకంటే చిన్న స్పీకరు అంత లోతు సప్పుడు పలకదు. జనం శానామంది స్పీకర్లోనే వింటారు కాబట్టి అదే మోటారుని సగం స్పీడులో ఇంకొకటి చేసి పైన కలిపినాం. నెట్‌లో ఫ్రీసౌండ్ మాదిరి చోట్ల సప్పుళ్ళు దొరుకుతాయి గానీ ఒక్కోదానికి ఒక్కో షరతు ఉంటాది, చదివి తీసుకోండి.

అరుపులు మాత్రం రాత్రి ఊర్లో తీయద్దు. రెండో సినిమాకి రాత్రి 1 గంటకి కల్లంలో ఆడమనిషి కేక తీసినాం, ఎవరికీ చెప్పలే. చుట్టుపక్కల దొడ్లలో పడుకున్నోళ్ళు కట్టెలెత్తుకోని వచ్చినారు, వాళ్ళకి నచ్చజెప్పేసరికి తెల్లారింది, కెమెరా చూపిస్తే ఇంకా అనుమానం ఎక్కువైంది. ఇప్పుడు ముందే పక్కిండ్లకి, స్టేషన్‌కి చెప్పి పెడుతున్నాం, కేక పగటి పూట కారులో అద్దాలు ఎక్కించి రికార్డు చేస్తున్నాం, రాత్రి ఉత్త నోరు తెరిస్తే చాలు.

11,400 లెక్క అడుగుతారు కాబట్టి: తిండికి 5,200, పెట్రోలుకి 1,600, పాత మిద్దె శుభ్రం చేసిన కూలి 1,500, బల్బులు వైర్లు థర్మకోల్ షీట్లు 1,150, మైకు 850, మిగతా 1,100లో ఆకులు, జొన్నలు, సాంబ్రాణి, జిరాక్స్ అన్నీ. తిండి ఎక్కువ అనిపిస్తాది, కానీ రాత్రంతా డబ్బుల్లేకుండా పని చేసేవాళ్ళకి తెల్లారి వేడి ఉగ్గాని, బజ్జీ లేకపోతే రెండో రాత్రి ఒక్కరూ రారు.

ఎడిటింగ్ డావించి రిజాల్వ్‌లో, ఉచితం వెర్షనే. భయం వచ్చే కాడ షాటు ఇంకా 2 సెకన్లు ఉంచండి, మీకు విసుగు పుట్టేదాకా, చూసేవాడు అప్పుడే మూలలు వెతకడం మొదలుపెడతాడు. 26 నిమిషాలు వచ్చింది మాకు, 17కి దించినాం.

అంతా అయిపోయింది అనుకోని అమ్మకి ఇయర్‌ఫోన్ పెట్టి చూపించినా. కాయలు పక్కన పెట్టి చూసింది, ఇసుర్రాయి సప్పుడు వచ్చిన కాడ ఇయర్‌ఫోన్ తీసేసి, "జొన్నలు యాడ్రా ఇందులో, ఇది ఉత్త రాయి తిరిగే సప్పుడు" అనింది. నిజమే, మేం రాయిలో ఏమీ పోయకుండానే తిప్పి రికార్డు చేసినాం. మరుసటి రోజు కేజీ జొన్నలు పోసి, పిడికెడు పిడికెడు వేస్తా అమ్మతోనే తిప్పించి మళ్ళీ రికార్డు చేసినాం, రాయి గొంతే మారిపోయింది, బరువుగా, నెమ్మదిగా, గింజ నలిగేది కూడా వినపడతా. ఆ పిండితో రాత్రికి రొట్టెలు చేసింది.